అరువు గొంతు

"వయసులో ఉన్నప్పుడే పనికిరాని గొంతు, ఇప్పుడేం పనికొస్తుందట?" అన్నాడు లిసార్దో, పత్రికలోంచి తలెత్తకుండానే.

భార్య కసిల్దా బంగాళాదుంపల చెక్కు తీస్తోంది. మాద్రిద్‌లోని ఆ వంటగదిలో ఇలాంటి మాటలు ఆమెకి కొత్త కాదు. డెబ్బై ఆరేళ్లు నిండాయి. స్పెయిన్‌లో సినిమా చూసేవాళ్లెవరికీ ఆమె ముఖాన్ని పరిచయం చేయక్కర్లేదు. ఇందాక ఫోన్ చేసిన దర్శకురాలు నెరేయా, ఆద్రా రేవులో తీసే సినిమాలో ఒక జాలరి ముసలి తల్లి వేషం ఉందంది. దక్షిణ తీరంలోని ఆ ఆద్రాయే కసిల్దా పుట్టిన ఊరు.

పద్దెనిమిదేళ్ల పిల్లగా అక్కణ్ణుంచి వచ్చినప్పుడు ఆమెకి మొదటి వేషం ఇచ్చిన నిర్మాత లిసార్దోయే. "ముఖం మహారాణిది, నోరు తెరిస్తే చేపల బజారు" అని నలుగురిలో నవ్వి, ఎర్మీనియా అనే మాద్రిద్ అమ్మాయి చేత ఆమె మాటలన్నీ డబ్బింగ్ చెప్పించాడు. తర్వాత పెళ్లీ చేసుకున్నాడు. ఆ మొదటి సినిమా చూడ్డానికి తల్లి ఊరి నుంచి బస్సులో వచ్చింది. ఆట అయ్యాక కూతురి గడ్డం పట్టుకుని, "మొకం నీదేనే పిల్లా, మరా మాట ఎవుల్దే?" అంది. కసిల్దా నవ్వేసి తప్పించుకుంది.

ఆ రోజుల్లో చట్టం ప్రకారం మొగుడు ఒప్పుకుంటేగానీ పెళ్లాం ఏ సినిమాకీ సంతకం పెట్టడానికి లేదు. "మా ఆవిణ్ణి నేనేనాడూ ఆపలేదు" అని లిసార్దో విందుల్లో చెప్పుకునేవాడు. నిజమే, ఆపలేదు. షూటింగ్ నుంచి ఎప్పుడొచ్చినా వంట మాత్రం ఆమెదే. జ్వరంతో మూలిగే కొడుకు పక్కన కూచుని ప్రేమ సంభాషణలు వల్లించుకునేది. చట్టాలు మారాయి. ప్రియురాలి వేషాలు పోయి అమ్మ వేషాలు, అవీ పోయి బామ్మ వేషాలు వచ్చాయి. ఈలోగా మాద్రిద్ మాట తనే నేర్చేసుకుంది. ఎంతగానంటే, ఒంటరిగా గొణుక్కున్నా అదే వచ్చేది.

దుంపలు కడిగి పొయ్యి మీద పెట్టి, "నేను వెళ్తున్నాను" అంది.

"మరి నాకు తిండీ?"

"వంటగది ఎక్కడుందో తెలుసుగా!"

రేవులో మొదటి రోజే నెరేయా షాట్ ఆపేసింది. "కసిల్దా గారూ, ఇది దొరసాని మాట. మీ అమ్మ ఎలా తిట్టేదో అలా తిట్టండి."

కసిల్దా నోరు తెరిచింది. ఏమీ రాలేదు. మళ్లీ ప్రయత్నించింది. ఆ మాట లోపలెక్కడో చచ్చిపోయిందా? మెల్లగా వెళ్లి, చేపలు కోస్తున్న ఆడవాళ్ల మధ్య కూలబడింది.

వాళ్లలో ఒకావిడ ఎగాదిగా చూసి, "ఏటే, పెద్ద నటివంట! సేపకి పొలుసు తియ్యడం మర్సిపోనావేటి?" అంది.

"నానా మర్సిపోడం? ఇలా తే ఆ కత్తి!"

అనేశాక కసిల్దా ఉలిక్కిపడింది. చుట్టూ ఉన్నవాళ్లు గొల్లున నవ్వారు. నెరేయా కెమెరా దగ్గరికి నడిచింది.

సినిమా మాద్రిద్‌లో విడుదలైన రోజు లిసార్దో ఆమె పక్కనే కూచున్నాడు. తెర మీద జాలరి తల్లి కొడుకుని దులిపేస్తోంది. జనం మొదట నవ్వారు, తర్వాత ఊపిరి బిగబట్టారు. లిసార్దో ఆమె చెవి దగ్గరికి వంగాడు. "సగం అర్థమై చావట్లేదు. ఇంకెవరి చేతైనా చెప్పించాల్సింది."

కసిల్దా తెర మీంచి చూపు తిప్పలేదు. అతని చేతి మీద చెయ్యి వేసి మెత్తగా అంది:

"ఉష్... నేను మాట్లాడుతున్నాను."