అప్పన్నకి మొక్కిన జుట్టు

కొడుకు తల మీద కత్తెర పడకూడదని చెప్పింది తండ్రి దేముడే. ఆ మాట అన్న రోజున అందులో తప్పేముందో అతనికి తోచలేదు. దేవుడి పేరు చెప్పి అన్న మాటలో తప్పు వెతకడం అతనికి అలవాటు లేదు.

దేముడు ఖరగ్‌పూర్ వర్క్‌షాపులో ఫిట్టరు. అతని తాత శ్రీకాకుళం వైపు నుంచి వచ్చి ఇక్కడ రైల్వేలో కుదిరాడు. అప్పట్నుంచీ ఆ ఇంట్లో పోలీసు స్టేషను గడప తొక్కినవాడు లేడు. అలాంటి ఇంట్లో పిల్లవాడు, పదో తరగతి చదువుతున్న ఫణీంద్ర, ఇద్దరు పెద్దకుర్రాళ్ళ వెంట నిమ్‌పురా రైల్వే యార్డులోకి పోయి రాగి తీగ కోస్తూ దొరికిపోయాడు. ఆ ఇద్దరినీ జైలుకి పంపారు. ఫణి మైనరు కాబట్టి పిల్లల కేసులు చూసే బోర్డు ముందు నిలబెట్టి, రెండు బస్సుల దూరంలో ఉన్న బాలల హోంలో ఉంచారు.

తల ఎక్కడ పెట్టుకోవాలో తెలియని దేముడు సింహాద్రి అప్పన్నకి మొక్కుకున్నాడు. పిల్లవాడు ఇంటికొస్తే వాడి తలనీలాలు కొండ మీదే ఇప్పిస్తానన్నాడు. మొక్కిన జుట్టు కొండ చేరేదాకా ఇనుము తాకకూడదు. అది వాళ్ళ ఇంటి ఆచారం.

హోంలో కొడుకుని మొదటిసారి చూసినప్పుడు బల్ల మీదుగా వాడి చెయ్యి పట్టుకున్నాడు.

"ఒరే ఫణీ, నీ జుట్టు ఇప్పుడు నీది కాదు. అప్పన్నది. ఎవుల్నీ ముట్టనీకు. ఏటి?"

"అలాగే నాన్నా."

"ఒట్టెయ్యి."

ఫణి ఒట్టేశాడు. పక్కనున్న కళ్యాణి మొగుడి వైపు చూసింది.

"పిల్లోడు తిన్నాడో లేదో అడగలేదు. జుట్టు సంగతి అడిగినావు."

"నీకు తెల్దు, ఊరుకో."

"అప్పన్నకి మన పిల్లోడి మొఖం కావాలో, జుట్టు కావాలో నువ్వే అడుగు మావా. నీతోనైతే మాట్లాడతాడు కదా."

ఆ మాటకి ఫణి నవ్వాడు. హోంకి వచ్చాక వాడు నవ్వడం అదే మొదలని అక్కడి కౌన్సిలరు ఇంద్రాణి తర్వాత చెప్పింది.

నెల తిరిగేసరికి ఇంద్రాణి ఫోను చేసింది. పిల్లవాడు బుద్ధిగా ఉన్నాడనీ, వచ్చే శుక్రవారం బోర్డు వాడిని తల్లిదండ్రులకి అప్పగించేలా ఉందనీ చెప్పింది. దేముడు విశాఖపట్నానికి రైల్వే పాసు రాయించాడు. గురువారం కళ్యాణి గోల్‌బజార్ నుంచి చేపలు తెచ్చి, రేపు వాడొచ్చాక వండుతానని పక్కింటి ఫ్రిజ్‌లో పెట్టించింది.

శుక్రవారం బోర్డు వరండా ముందు వ్యాన్ ఆగింది. దిగిన పిల్లల్లో ఫణి ఎవరో దేముడు వెంటనే పోల్చుకోలేదు. అందరివీ గుండ్లే.

"దాదా, హోంలో గజ్జి పాకింది," అంది ఇంద్రాణి. "అందరికీ తలలు గొరిగించాం. వీడొక్కడూ కూర్చోనన్నాడు. ఇద్దరు గట్టిగా పట్టుకుంటే, జుట్టు తీసే ఆయన చేతిలో కత్తెర లాక్కున్నాడు. ఆయన అరచెయ్యి తెగింది. కుట్లు పడ్డాయి. ఎందుకు చేశావంటే నోరు విప్పడు. ఇంత చిన్నదానికి ఎందుకలా చేశాడో మీకేమైనా తెలుసా?"

 దేముడు కొడుకు దగ్గరకి వెళ్ళాడు.

"మొక్కుందని సెప్పొచ్చు కదరా."

"సెప్పినాను. జుట్టు తీసే ఆయనకీ, పట్టుకున్నోళ్ళకీ సెప్పినాను. నవ్వినారు. దొంగోడికి దేవుడేటి అన్నారు." ఫణి తల ఎత్తలేదు. "ఇంక ఇంద్రాణి దీదీకి సెప్పబుద్ధి కాలేదు."

లోపలికి పిలిచాక దేముడు చేతులు జోడించి, వచ్చీరాని బెంగాలీలో ఉన్నదంతా చెప్పాడు. ఒట్టు వేయించుకున్నది తనేననీ, వాడు తండ్రి మాట నిలబెట్టాడనీ, శిక్షేదైనా ఉంటే తనకి వేయమనీ అన్నాడు. మేజిస్ట్రేటు మొత్తం విన్నది. మధ్యలో అడ్డు రాలేదు. చివరికి మెల్లగా చెప్పింది. దెబ్బ తిన్నవాడు రోజూ ఆ చేత్తోనే బతకాలి. దాన్ని లేదనుకోవడం కుదరదు. పిల్లవాడు ఇంకొన్నాళ్ళు హోంలోనే ఉండాలి. తర్వాతి తేదీ తెలియజేస్తారు.

తప్పుపట్టడానికి ఆవిడ మాటలో దేముడికి ఏమీ దొరకలేదు. బయటికి వచ్చాక కళ్యాణి గోడకి ఆనుకుని కూలబడింది. వ్యాన్ ఎక్కించే ముందు ఇంద్రాణి కాసేపు వాళ్ళని మాట్లాడుకోనిచ్చింది.

"మొక్కు పోయింది కదా నాన్నా," అన్నాడు ఫణి. "అందుకేనా నన్ను ఇంటికి పంపలేదు?"

దేవుడి సంగతి ఎవరేమడిగినా దేముడి దగ్గర జవాబు ఉండేది. గుళ్ళో నలుగురూ అతన్నే అడిగేవారు.

"ఆయన అడగలేదురా. నేనే మొక్కినాను."

ఫణికి అది పూర్తిగా అర్థం కాలేదు. తండ్రి బాధపడుతున్నాడని మాత్రం తెలిసింది.

"మళ్ళీ పెంచుతాను నాన్నా. ఈసారి ఇంకా గట్టిగా..."

"వద్దురా. వద్దు. వాళ్ళు రమ్మన్నప్పుడు వెళ్ళి కూర్చో. తలొంచు."

ఫణి అక్కడే, అప్పుడే తల వంచాడు. పెనుగులాటలో పడిన గాట్లు నెత్తి మీద ఎండి నల్లగా ఉన్నాయి. దేముడు వాటి మీద అరచెయ్యి ఆనించాడు. వ్యాన్ వాడు హారన్ కొట్టాడు. ఇంకోసారి కొట్టాడు.

"వదులు నాన్నా," అన్నాడు ఫణి. "పిలుస్తున్నారు."