పరుపుల వీధిలో ఆరని తలుపు

“ఈ వీధిలో ఒక్క ఇటుక కదలదు. మీ బొమ్మల్లో ఒక్కటి కూడా ఆరదు. ఇది నా హామీ.”

పాతపేట సుందరీకరణ సంస్థ మేనేజరు మాధురి గారు ఆ మాట అన్నది రెండేళ్ల కిందట, గుంటూరు పరుపుల వీధి మొదట్లో, మామిడాకుల తోరణం కింద నిలబడి. చేతిలో మైకు, మెడలో బంతిపూల దండ. అక్కడున్న వాళ్లలో అందరికంటే గట్టిగా చప్పట్లు కొట్టినవాడు అక్బర్.

అప్పటి నుంచీ ప్రతి ఆదివారం పొద్దున్నే ఓ పాతికమంది ఆ తోరణం కట్టిన చోటికి చేరేవాళ్లు. బ్రాడీపేట కోచింగ్ సెంటర్ల నుంచి వచ్చే కుర్రాళ్లు, రిటైరైన బ్యాంకు ఉద్యోగులు, పట్టుచీర మీద వాకింగ్ బూట్లేసుకున్న మిర్చి వ్యాపారుల ఇళ్ల ఆడవాళ్లు. ముందు వీధంతా నడక, అక్బర్ చెప్పే చరిత్ర. తర్వాత ఎవరికి నచ్చిన అరుగు మీద వాళ్లు కూర్చుని, నగ్మా నేర్పినట్టు వాటర్‌కలర్ బొమ్మ వెయ్యడం. నగ్మా ఒక స్కూల్లో డ్రాయింగు టీచరు. అక్బర్ చరిత్రలో ఎమ్మే చేసి, బ్యాంకు పరీక్షలు రాస్తూ, మధ్యలో దొరికిన పుస్తకమల్లా చదువుతూ మేనత్త ఇంట్లో ఉండేవాడు.

“చరిత్ర రాజులది కాదు, బరువు మోసిన భుజాలది!” అని పత్తి ప్రెస్సు గోడ ముందు చెయ్యెత్తేవాడు అక్బర్.

“భుజాల సంగతి సరేగానీ, నువ్వు కాస్త పక్కకి జరుగు. గోడ మీద ఎండ కనపడాలి వీళ్లకి,” అనేది నగ్మా.

అందరూ నవ్వేవాళ్లు. అక్బర్ జరిగేవాడు కానీ ఆపేవాడు కాదు.

రంగులు కలుపుకోవడానికి నీళ్లు మాత్రం వీధి చివర జైతున్‌బీ ఇంటి పెరటి బావి నుంచే రావాలి. జైతున్‌బీ అక్బర్ మేనత్త. ముందు గదిలో పరుపులు, దిళ్లు కుట్టే కొట్టు, వెనక వంటిల్లు, ఆ వెనక బావి. ఆ నీళ్లతో వేసిన బొమ్మ, అందులో ఉన్నది నిలబడి ఉన్నంతకాలం ఆరదు. ఇది ఊళ్లో కొత్తగా ఎవరికీ చెప్పాల్సిన సంగతి కాదు. బొమ్మ గోడకి తగిలించుకుని కింద పళ్లెం పెట్టుకునేవాళ్లు. చుట్టాలొస్తే, “అటు ఆనుకోకండొదినా, చీరకి అంటుద్ది,” అనేవాళ్లు. పోయినేడు గాలివానకి పాత పొగాకు గోడౌను కూలితే, దాన్ని వేసినవాళ్ల ఇళ్లన్నిటిలోనూ బొమ్మలు ఆ సాయంత్రమే అప్పడాల్లా ఎండి ముడుచుకున్నాయి. పళ్లేలు కడిగి వంటింట్లో పెట్టేసుకున్నారు.

మనుషుల సంగతీ అంతే. బ్యాంకు ఉద్యోగి ఒకాయన టీకొట్టు బొమ్మలో, కొట్టు యజమాని ఇమాం హుస్సేన్‌ని కూడా ఓ మూల నిలబెట్టాడు. ఒకరోజు తెల్లారేసరికి బొమ్మంతా తడిగానే ఉంది, ఆ మూల ఒక్కటీ ఆరిపోయింది. ఆయన పరుగున వీధిలోకి వచ్చేసరికి టీకొట్టు ముందు షామియానా వేస్తున్నారు.

అప్పటి నుంచీ జైతున్‌బీ నీళ్ల చెంబు ఇచ్చేముందు అందరికీ ఒకటే మాట చెప్పేది. “ఇళ్లు వేసుకోండి, తలుపులు వేసుకోండి, నా మేకని వేసుకోండి. మనుషుల జోలికి మాత్రం పోమాకండి.”

ఆ మాట తప్పినవాడు అక్బర్ ఒక్కడే. ఒక ఆదివారం నగ్మా పట్టుబట్టి చేతికి బ్రష్షిచ్చింది. అత్త ఇల్లు వేద్దామని మొదలుపెట్టి, తలుపు ఎంత పెద్దగా గీశాడంటే ఇంటికి కాగితం మీద చోటు మిగల్లేదు. తలుపు, దాని కింద రెండు మెట్లు, అంతే. ఎంతసేపు చూసినా అది ఎవరూ లేని ఇంటి తలుపులా ఉంది. అందుకని పై మెట్టు మీద నీలంరంగు చీర ఒకటి అద్దాడు.

“ఎవర్రా అది? నేనా?” అంది జైతున్‌బీ భుజం మీద నుంచి వంగి చూసి. “గోనెసంచి అనుకున్నాను.”

“ఏమనుకోకత్తా. నువ్వు వద్దన్నావని గుర్తులేదు...”

“వేశాక ఏం చేస్తాం! బీరువా మీద పడెయ్. ఎవరికన్నా చూపించావంటే నీ పరువూ పోద్ది, నా పరువూ పోద్ది.”

అలా ఆ బొమ్మ ఒక స్టీలు బేసిన్‌లో పడుకుని బీరువా ఎక్కింది.

ఈ ఏడు మార్చిలో మాధురి గారు మళ్లీ వచ్చారు. మెట్టు మీద కూర్చుని, జైతున్‌బీ ఇచ్చిన టీ తాగి, మెల్లగా, ఆప్యాయంగా చెప్పారు. పెద్ద ప్రదర్శన పెడుతున్నామనీ, వీధికి వారసత్వ గుర్తింపు వస్తుందనీ, ఇళ్లలో ఉన్న బొమ్మలన్నీ కావాలనీ.

“ఈ ఎండల్లో తడి బొమ్మలు ఎక్కడ దాస్తారు మేడం?” అంది నగ్మా.

“మిర్చి కోల్డ్ స్టోరేజీలో పెడుతున్నామమ్మా. చల్లగా ఉంటుంది. మీ ఇళ్లలోకంటే భద్రం.”

ఆమె వెళ్లాక నగ్మా అక్బర్‌ని ఆపింది. “అన్నీ ఒకే చోటెందుకు? తలా ఒకటి దగ్గరుంచుకుందాం.”

“అనుమానం కూడా ఒకరకం లొంగుబాటే నగ్మా.”

“ఏ పుస్తకంలోది?”

అక్బర్‌కి కోపం వచ్చింది. ఆ కోపంతోనే ఇల్లిల్లూ తిరిగాడు. పళ్లేల మీది నుంచి బొమ్మలు దించి, వరసగా అట్టల మీద పరిచి, సంస్థ పంపిన వ్యానులోకి తనే ఎక్కించాడు. పత్తి ప్రెస్సు, లాంతరు స్తంభం, చెక్క వసారాల ఇళ్లు, జైతున్‌బీ కొట్టు, పెరటి గోడ, అన్నీ. సిగ్గేసి తన బొమ్మ ఒక్కటి ఇవ్వలేదు.

ఏప్రిల్‌లో ఒక శుక్రవారం సంస్థ వాళ్లు వీధివీధంతటినీ ఫంక్షన్ హాలుకి పిలిచారు. బిర్యానీ, డబల్ కా మీఠా, వేదిక మీద అక్బర్‌కి శాలువా. ముసలివాళ్లనీ మంచాన పడ్డవాళ్లనీ కూడా కార్లు పంపి తీసుకెళ్లారు. అంత మర్యాద ఎవరైనా ఊరికే చేస్తారా? ఆ ప్రశ్న అడగడానికి పుట్టినవాణ్ణని అనుకునే అక్బర్, ఆ రోజు శాలువా మడత సర్దుకుంటూ కూర్చున్నాడు. జైతున్‌బీ మాత్రం వెళ్లలేదు. మర్నాడు పెళ్లివాళ్లకి పరుపులు అందించాలి. మెట్టు మీద దబ్బనంతో కుట్టుకుంటూ కూర్చుంది.

అక్బర్ మైకు పట్టుకుని, “చరిత్రని కూల్చగల యంత్రం ఇంకా పుట్టలేదు!” అంటున్నప్పుడు వచ్చింది ఫోను.

అతను పరుగెత్తుకుంటూ వచ్చేసరికి వీధి లేదు. పెద్ద చప్పుడేమీ కాలేదట. ముందు పత్తి ప్రెస్సు గోడ, తర్వాత చెక్క వసారాలు, ఒకదాని వెనక ఒకటి, అలిసిపోయిన మనుషుల్లా కూలబడిపోయాయట. మోకాలెత్తు ఇటుకలు, వాటి మీద పేలిన దిళ్ల దూది. మేక ఎక్కడో అరుస్తోంది. వీధి చివర జైతున్‌బీ ఇంటి తలుపు ఒక్కటి చట్రంతో సహా నిలబడి ఉంది. తలుపు వెనక ఇల్లు లేదు, ఆకాశం ఉంది. పై మెట్టు మీద నీలం చీరలో జైతున్‌బీ, చేతిలో దబ్బనంతో, దుమ్ము కొట్టుకుని కూర్చునుంది.

“భోజనాలు బాగా పెట్టార్రా?” అని అడిగింది.

అక్బర్ శాలువాతో ఆమె మొహం తుడిచాడు. అప్పుడు గుర్తొచ్చింది బొమ్మ. ఇద్దరూ కలిసి ఇటుకలు తీస్తే బీరువా నలిగి కనపడింది. దాని పక్కన బేసిన్. బేసిన్‌లో ఆ సొట్ట తలుపు తడిగా మెరుస్తోంది.

సాయంత్రం నగ్మా, అక్బర్ ఆమె స్కూటరు మీద కోల్డ్ స్టోరేజీకి వెళ్లారు. దాని వెనక కల్లంలో మిరపకాయలు ఎర్రగా ఆరబోసి ఉన్నాయి. వాటి పక్కన, అదే వరసలో, నాలుగు మూలలా రాళ్లు పెట్టి, బొమ్మలు. అన్నీ ఎండి వంకర్లు తిరిగాయి. నగ్మా ఒకటి చేతిలోకి తీసుకుంటే పొడిపొడిగా రాలింది.

కల్లం మేస్త్రి బుల్లయ్య తువ్వాలు దులుపుకుంటూ ఎదురొచ్చాడు. “మీ సరుకేనా అమ్మా? చక్కగా ఆరింది చూసుకోండి. మూడుసార్లు తిరగేయించాను. ఒక్కటన్నా బూజు పట్టిందేమో చూడండి.”

“ఎందుకు ఆరబెట్టావయ్యా వీటిని!” అని అక్బర్ అరిచాడు.

బుల్లయ్య బిత్తరపోయాడు. “అదేందయ్యా అట్టంటావు? తడి సరుకు లోపల పెడితే పక్కనున్న మిర్చి బస్తాలు కూడా చెడిపోవా? అసలు పొద్దున్నే ఫోనొచ్చింది కదా. ‘బొమ్మలు బయట పరిపించు, మధ్యాన్నానికి గలగలలాడాలి,’ అన్నారు.”

“ఎవరు?”

“ఏమో! ఆ మిషన్ల మోతలో ఏం వినపడుద్ది? సరే సార్ అన్నాను, ఊఁ అన్నారు. అనుమానమొచ్చి సరే మేడం అన్నాను, దానికీ ఊఁ అన్నారు.”

నగ్మా అతనికి నెమ్మదిగా చెప్పింది, నీడన ఎన్నాళ్లున్నా ఆరని ఆ బొమ్మలు ఇక్కడ ఎండకి ఆరినకొద్దీ అక్కడ పరుపుల వీధి కూలిన సంగతి. అంతా విని బుల్లయ్య మిరపకాయల మీదే కూలబడ్డాడు. “నలభయ్యేళ్ల నుంచి ఇదే పని తల్లీ. తడి కనపడితే ఎండకెయ్యడమే తెలుసు నాకు,” అన్నాడు. ఆ అలవాటు ఎవరికి ఎలా పనికొస్తుందో ఫోను చేసినవాళ్లకి తెలుసు.

మాధురి గారు ఆఫీసులో ఏసీ తగ్గించి మరీ కూర్చోబెట్టారు. “మా వాళ్లెవరైనా ఒక్క ఇటుక ముట్టుకున్నారా అక్బర్? పాత కట్టడాలు, అవే పడ్డాయి. ఒక్క ప్రాణం పోలేదు, సంతోషించాలి.”

“కల్లంలో పరచమన్నది ఎవరండీ?”

“విచారణ జరుగుతుంది.”

“ఎప్పటికి?”

“త్వరలో.” టీ వచ్చింది. అక్బర్ తాగలేదు.

త్వరలో అంటే జేసీబీలు. శిథిలాలు ఎత్తేశారు, బావి పూడ్చేశారు, చుట్టూ రేకులు కొట్టారు. రేకుల మీద ‘పరుపుల వీధి వారసత్వ ప్లాజా’ అన్న పెద్ద అక్షరాలు, వాటి కింద అచ్చేసిన వాటర్‌కలర్ బొమ్మ. నగ్మా శిష్యురాలెవరో వేసిన పత్తి ప్రెస్సు గోడ అది. వీధి జనం తలోదిక్కూ పోయారు, కొందరు తాడేపల్లిలో అద్దెలకి, కొందరు వేటపాలెంలో జీడిపప్పు కొట్టడానికి. తలుపుని కూడా కదపబోయారు. జేసీబీ తొట్టి పళ్లు వంగిపోయాయి. డ్రైవరు దిగి చేతులు కడుక్కుని భోజనానికెళ్లి, మళ్లీ దాని జోలికి రాలేదు. సంస్థ వాళ్లు దాని ముందు ‘సెల్ఫీ పాయింట్’ అని బోర్డు పాతారు.

జైతున్‌బీ రాత్రి నగ్మా ఇంట్లో పడుకుంటుంది, తెల్లారగానే వచ్చి మెట్టెక్కుతుంది. ఎంతమంది సెల్ఫీలు దిగినా పట్టించుకోదు. వేరే చోట ఊపిరాడదంటుంది.

అసలు భయం ఎండ. రోహిణి కార్తెకి ముందే కాకులు నోళ్లు తెరుచుకున్నాయి. బొమ్మలో నీలం మరక అంచున ఆరడం మొదలైన రోజు జైతున్‌బీ కాళ్లు మొద్దుబారి లేవలేకపోయింది. అక్బర్ కుళాయి నీళ్లు చల్లి చూశాడు. బొమ్మలో తలుపు పైచట్రం బెల్లం పాకంలా ఒక పక్కకి కారిపోయింది. ఇక్కడ నిజం తలుపు చట్రం కూడా అలాగే కారి, అలాగే గడ్డకట్టింది. ఆ బావి నీళ్లే కావాలి. నగ్మా స్కూటరు డిక్కీలో ఎప్పటిదో ఒక కూల్‌డ్రింకు సీసా నిండా దొరికాయి. అంతే మిగిలింది.

ఒంగోలు బ్యాంకులో ఉద్యోగం వచ్చిందని అక్బర్‌కి కబురొచ్చింది. ఈ ఎండలో బస్సెక్కితే బొమ్మ తట్టుకోదు. వదిలిపెట్టి పోతే బ్రష్షు తడిపి మరక మీద అద్దేవాళ్లు లేరు. నగ్మాకి వేసవి డ్రాయింగు క్లాసులున్నాయి. అతను చేరలేదు. ఇప్పుడతని పని ఇదే. మధ్యాహ్నమల్లా రేకుల నీడలో బేసిన్ ఒళ్లో పెట్టుకుని, అత్త మీద చుక్క చుక్క తడి అద్దడం.

నిన్న నగ్మా ఒక డబ్బా నల్లరంగు, పెద్ద బ్రష్షు తెచ్చిచ్చింది. అక్బర్ రేకుల ముందు నిలబడ్డాడు. చదివిన నినాదాలన్నీ గుర్తొచ్చాయి, భుజాలూ పిడికిళ్లూ సూర్యోదయాలూ. ఒక్కటీ చేతికి రాలేదు. చివరికి ఎక్కడా చదవని వాక్యం ఒకటి రాశాడు. ‘బొమ్మల్ని కల్లంలో పరచమన్నది ఎవరు?’

జైతున్‌బీ మెట్టు మీద నుంచి చదివింది. “తారీఖు వెయ్యరా. లేకపోతే మళ్లీ త్వరలో అంటారు.”

“ఏ తారీఖు వెయ్యనత్తా?”

ఆమె సీసా అందుకుని ఎండకి పట్టుకుని చూసింది. అడుగున రెండు వేళ్ల మందం. పెళ్లివాళ్లకి పరుపులో దూది ఎంత పడుతుందో చూసే చూపుతో చూసింది.

“పొదుపుగా వాడితే ఈ నెలాఖరు దాకా వస్తాయి,” అని మూత బిగించి అతని చేతికిచ్చింది. “అదే రాయి.”

అక్బర్ మళ్లీ బ్రష్షు ముంచాడు. నగ్మా వచ్చి డబ్బా పట్టుకుంది. అతను రాశాడు.

జవాబు కావాలి. 2026 మే 31 లోపు.