తన్లిన్ బస్సు

సింహాచలమ్మకు తన తెలివి మీద గట్టి నమ్మకం. మనవరాలు భానుప్రియకు కష్టం తెలియకుండా పెంచానని బర్మాలో తాముండే సంచౌంగ్‌లో పక్క ఫ్లాట్ల వాళ్లందరికీ చెప్పుకుంటుంది.

కోడలు అమ్ములు ఆస్పత్రిలో పోయేనాటికి భానుకు బడి ఈడు కూడా రాలేదు. అమ్మ నది అవతలి ఊరు తన్లిన్‌లో ఫ్యాక్టరీ పనికి వెళ్లిందని కొడుకూ ఆవిడా పిల్లకు బర్మీస్‌లో చెప్పారు. శ్మశానం, దినం, అసలు సంగతులన్నీ పిల్ల ముందే తెలుగులో మాట్లాడుకున్నారు. అది బర్మీస్‌లో తప్ప బదులివ్వదు కాబట్టి దానికి తెలుగు తెలియదని తేల్చేశారు. పెద్దలకు ఎంత హాయైన తీర్మానమో!

ఆదివారం వస్తే భాను నాయనమ్మ వేలు పట్టుకుని బస్టాపుకు వెళ్లేది. తన్లిన్ బస్సులోంచి అమ్మ దిగకపోతే పేచీ లేకుండా ఇంటికొచ్చి అన్నం తినేది. పిల్ల ఎంత బుద్ధిమంతురాలో అని సింహాచలమ్మ మురిసిపోయేది. ఎదిగాక నిజం చెబితే ఏడవకుండా తలూపింది. తన పద్ధతే మంచిదైందని ఆవిడకు మరీ ధీమా వచ్చింది.

ఇప్పుడు భాను కాలేజీకి స్పానిష్ సినిమాల్లో బాల్యం గురించి వ్యాసం రాస్తోంది. కరెంటున్న ఒక మధ్యాహ్నం లాప్‌టాప్‌లో సినిమా పెట్టి, తెర కింద పడే బర్మీస్ మాటలు నాయనమ్మకు చదివి వినిపించింది. అందులో తండ్రి జైల్లో ఉంటాడు. ఓడెక్కి వెళ్లాడని ఇంట్లోవాళ్లు కూతురికి చెబుతారు. ఆ పిల్ల భోజనాల బల్ల కింద కూర్చుని పెద్దల కాళ్లు చూస్తూ ఉంటుంది. ఈ సినిమాల్లో పిల్లలు ఎక్కువ మాట్లాడరని, అన్నీ చూస్తారని భాను చెప్పింది.

సింహాచలమ్మ కళ్లొత్తుకుంది. "పాపం, ఆ గుంటకి ఏటీ తెల్దు."

భాను సినిమా ఆపేసింది. నాయనమ్మను ఎప్పుడూ 'అఫ్వా' అని బర్మీస్‌లో పిలిచే పిల్ల తెలుగు మాటలు ఒక్కొక్కటే వెతుక్కుంది.

"తెలుసు, నాయనమ్మా. అమ్మ పోయినప్పుడు గుంటని తీసుకెల్లొద్దు, ఆకరి సూపు దానికెందుకు అన్నావు. అప్పుడు నీ వొళ్లోనే ఉన్నాను."

సింహాచలమ్మ మనవరాలి వైపు తిరిగింది. "మరి తెలిసీ బస్సుకాడికి ఎందుకొచ్చీదానివే?"

"నువ్వు సంబరపడీదానివి గదా."

ఆవిడకు సిగ్గు, దుఃఖం ఒక్కసారే ముంచుకొచ్చాయి. కాపాడానని ఇన్నేళ్లూ చెప్పుకున్నది తను, కాపాడింది ఆ పసిది. అమ్ములు ముఖం మాత్రం ఇక ఎవరూ దానికి చూపించలేరు.

"నిన్ను తీసుకెల్లాల్సిందమ్మా," అంది.

ఎప్పుడూ ఆవిడ మనసు నొప్పించని పిల్ల, ఈసారి కాదనలేదు.