పిల్లలకోడి

"మేడమ్, మీ చేతి ఉప్మా అయితే పిల్లలు ఇష్టంగా తింటారు" అని హెడ్మాస్టరు అన్నప్పుడే సుహాసినికి తెలిసిపోయింది, ఈ సాయంత్రం తన చేతికి వచ్చేది మైకు కాదు, గరిటె అని.

నెల్లిమర్ల దగ్గర ఆ హైస్కూల్లో ఫిజిక్స్ చెప్పేది ఆమె. భర్త గణపతిరావు అక్కడే సోషల్ మాస్టారు. ఈ సాయంత్రం స్కూలు గ్రౌండులో పిల్లలకు ఆకాశం చూపిద్దామన్న ఆలోచన ఆమెది. కార్తీకంలో పొద్దుగూకగానే తూర్పున లేచే ఆ చుక్కల గుంపును, డాబా మీద ఆరిన బట్టలు తీస్తూ, నెల్లాళ్ళు చూసి నోటుబుక్కులో రాసుకున్నదీ ఆమే. ఒకే మబ్బులో పుట్టిన వందల చుక్కలు, మామూలు కంటికి ఆరు. పుస్తకాల్లో కృత్తికలనే వాటికి పేజీ పైన 'పిల్లలకోడి' అని పేరు పెట్టింది. ఆ పేరు అత్తగారు జగ్గమ్మ నోటి నుంచి వచ్చిందే. "మా కాలంలో గడియారాలేవి? పిల్లలకోడి పడమటికి వాలిందంటే నూర్పుకి లేసీవోలం. నీకు అలారమున్నా మెలకువ రాదు" అని కోడల్ని దెప్పడానికి ముసలావిడ వాడే మాట అది. దెప్పితే దెప్పింది, చుక్కను మాత్రం సరిగ్గా చూపించింది.

ఆ నోటుబుక్కు ఇప్పుడు గణపతిరావు చేతిలో ఉంది. "నీ కష్టం నాది కాదేటి? మైకంటే నీకు వణుకు. నాను సెప్తాన్లే" అని పొద్దున్నే తీసేసుకున్నాడు. రోజూ యాభై మంది ముందు నిలబడి పాఠం చెప్పే మనిషికి మైకు ముందు వణుకెందుకొస్తుందని అడగబోయింది. పాలు పొంగాయి. అడగాల్సిన ప్రతిసారీ ఆ పొయ్యి మీద ఏదో ఒకటి పొంగుతూనే ఉంటుంది.

గ్రౌండులో లైట్లు ఆర్పారు. చీకట్లో గణపతిరావుకు నోటుబుక్కు కనిపించలేదు. అయినా ఆగే మనిషా! తూర్పుకేసి చెయ్యి చాపాడు.

"అదిగో, సప్తర్షులు! పక్కన మసగ్గా ఉన్నదే అరుంధతి. మహా పతివ్రత. ఆడపిల్లలందరూ ఒకసారి దండం పెట్టుకోండమ్మా."

ఆడపిల్లలు చేతులు జోడించారు. గ్రౌండు మూల ఉప్మా పొయ్యి దగ్గరున్న సుహాసినికి అరికాలి మంట నెత్తికెక్కింది. సప్తర్షులు ఈ వేళకి ఉత్తరాన నేల కిందే ఉంటారు. తూర్పున మిణుకుమంటున్నవి వాళ్ళ పెళ్ళాలు. ఏడుగురిలో ఆరుగురిని, అనుమానం వచ్చిందని, ఒక్క మాటైనా అడక్కుండా ఇళ్ళలోంచి గెంటేశారు ఆ మహానుభావులు. మిగిలిన ఒక్క అరుంధతినీ పెళ్ళికూతుళ్ళకు చూపించే బొమ్మ చేశారు. ఇప్పుడా గెంటించుకున్న వాళ్ళకు గెంటేసిన వాళ్ళ పేరు పెట్టి, పసిపిల్లల చేత మొక్కిస్తున్నాడు, అదీ తన పుస్తకం చంకలో పెట్టుకుని.

పదకొండేళ్ళ కిందట, పొద్దున్న పది గంటలకి, మండే ఎండలో ఇతనే ఆమె చెయ్యి పట్టుకుని ఆకాశం చూపించాడు. "అరుంధతి కనిపించిందా?" అన్నాడు. ఎమ్మెస్సీ ఫిజిక్స్ చదివిన పిల్ల, ఆ ఎండలో ఏ చుక్కా కనబడదని తెలిసిన పిల్ల, చుట్టూ అక్షింతలు పట్టుకుని నవ్వుతున్న జనాన్ని చూసి "కనిపించిందండి" అంది. ఆ ఒక్క మాటతో కాపురం మొదలైంది. ఆ తర్వాత ఎవరేమన్నా, ఎంత పడినా, అన్నిటికీ అదే జవాబు.

"సార్," తొమ్మిదో తరగతి యమున లేచింది. "సప్తర్షులు ఉత్తరాన కదా ఉంతారు? అది పిల్లలకోడని మేడమ్ సెప్పారు."

గణపతిరావు మైకులోనే నవ్వాడు. "ఆకాశంలో కోడేటమ్మా! మేడమ్‌నే అడుగుదాం. ఏం మేడమ్, అరుంధతి కనిపించింది కదా?"

అందరూ పొయ్యి వైపు తిరిగారు. హెడ్మాస్టరు నవ్వు కూడా వినిపించింది. గణపతిరావు గొంతులో పెళ్ళినాటి ధీమాయే. అవును అను, అయిపోతుంది.

ఉప్మా అడుగంటుతోంది. సుహాసిని గరిటె బాండీలో వదిలేసింది. పిల్లల మధ్య నుంచి నడిచి వెళ్ళి, భర్త చేతిలోంచి మైకూ, చంకలోంచి నోటుబుక్కూ తీసుకుంది. మాడు వాసన వచ్చింది. వెనక్కి చూడలేదు.

"కనిపించలేదండి. అవి ఋషులు గెంటేసిన ఆరుగురు ఆడవాళ్ళు. యమున చెప్పిందే నిజం." భర్త వైపు తిరిగింది.

"పెళ్ళినాడు కూడా నాకు కనిపించలేదు."