మూడో పిలుపు

"అప్పలనరసింహం! అప్పలనరసింహం! అప్పలనరసింహం!"

కోర్టు హాలు గుమ్మంలో నిలబడి తాయారు మూడుసార్లు పిలిచింది. వరండా చివర నుంచి ఓ పెద్దాయన పంచె సవరించుకుంటూ పరుగున వచ్చాడు. ఆయన లోపలికి వెళ్ళాక, బుగ్గనున్న పటికబెల్లం పలుకును రెండో పక్కకు తోసి, తాయారు గేటు వైపు చూసింది. లక్ష్మణమ్మ ఇంకా రాలేదు.

తాయారుది చిన్న గొంతు. అత్తవారింట్లో ఆమె మాట వంటింటి గడప దాటితే అత్తగారు గరిటె మోగించేది. భర్త త్రినాథ్ ఈ కోర్టులోనే అటెండరు. అతను పిలిస్తే రోడ్డవతల టీ తాగేవాళ్ళు కూడా ఉలిక్కిపడి లేచేవారట. కామెర్లతో అతను పోయాక ఆ ఉద్యోగం ఆమెకిచ్చారు. "కాస్త గట్టిగా" అని జడ్జిగారు అన్నప్పుడల్లా ఆమె మెడ నరాలు ఉబ్బేవి. తన పిలుపు అందక ఎవరి కేసైనా పోతుందేమోనన్న దిగులు ఆమెతోపాటు ఇంటికీ వెళ్ళేది.

లక్ష్మణమ్మది రాజాం దగ్గర పల్లె. పొలానికి వెళ్ళే బాటకు మరిది ముళ్ళకంచె కట్టేశాడని దావా వేసింది. కోర్టు అడిగిన కాగితాలు గడువులోగా దాఖలు చెయ్యలేదు. కిందటి వాయిదాకు కేసు పిలిచేశాక వచ్చి, తాయారు చెయ్యి పట్టుకుంది.

"నాకు సెవుడు తల్లీ. నా పేరొచ్చినప్పుడు గట్టిగా కేకెయ్యి. నీకు దణ్ణం."

ఇవాళ ఆఖరి అవకాశం. పొద్దున పిలిస్తే పలకలేదని కేసు పక్కన పెట్టారు. ఆమె వకీలు వేరే కేసు మీద విజయనగరంలో ఉన్నాడు. వకీలు గుమస్తా ఈశ్వర్ ఫోను చెవికి ఆనించుకుని వరండాలో తిరుగుతున్నాడు.

"ఎత్తినాదేటి?"

"మోగతన్నాది గానీ ఎత్తట్నేదమ్మా. బస్సులో ఉన్నాదేమో. నువ్వు కొంచెం ఆగాగి పిలు, అందాకా వచ్చేస్తాది."

భోజనాల వేళకు ముందు మళ్ళీ ఆ పేరొచ్చింది. తాయారు గుమ్మంలో ఒకసారి, మెట్ల మీద ఒకసారి పిలిచింది. మూడోసారికి గేటు దాకా నడిచింది. "లక్ష్మణమ్మా!" అని అరిచేసరికి దగ్గు తెరలు తెరలుగా వచ్చింది. ఆటోల చప్పుడు తప్ప బదులు లేదు.

"పలికారా?" లోపల జడ్జిగారు అడిగారు.

"లేదండి."

మనిషి హాజరు కాలేదని డిఫాల్టులో కేసు కొట్టేశారు.

భోజన విరామంలో చేతులు కడుక్కోవడానికి కోర్టు వెనక్కి వెళ్ళిన తాయారుకు ఫోను మోగుతూ వినిపించింది. ఆ చప్పుడు వెంట రికార్డు గది మూల తిరిగింది. గోడ నీడన లక్ష్మణమ్మ కూర్చుని ఉంది. తల పక్కకు వాలింది. ఒళ్ళోని సంచిలో ఫోను మోగి మోగి ఆగిపోయింది. తాయారు ఆమె చెయ్యి పట్టుకుంది. చల్లగా ఉంది.

తాయారు కేకకు ఈశ్వర్ పరుగెత్తుకొచ్చి, చూసి, గోడకు ఆనుకుపోయాడు.

"ఎప్పుడొచ్చినాదో! వాయిదా తప్పిపోతాదని మొదటి బస్సుకే వచ్చీసినట్టుంది."

"నేను పిలిసినప్పటికి బతికున్నాదా ఈశ్వరూ?"

అతను తన ఫోను జేబులో పెట్టుకున్నాడు. "వారసులు మళ్ళీ పిటిషనేసుకోవచ్చునమ్మా" అన్నాడు.

లక్ష్మణమ్మ కూతురు వచ్చింది. అంబులెన్సు వెళ్ళిపోయింది. లోపల గంట మోగితే తాయారు కళ్ళు తుడుచుకుని, తర్వాతి పేరు పిలవడానికి వెళ్ళింది.

గోడవారన నీళ్ళ సీసాలో లక్ష్మణమ్మ తెచ్చుకున్న చోడి అంబలి పొద్దుటి నుంచీ కదపనట్టు అలాగే ఉంది. మూత తియ్యలేదు, రాగిపిండి అడుగుకు దిగి, పైన నీరు తేటగా తేరింది.