ఏ పేరు తెరిచినా లుసుంగే

సరస్సు ఒడ్డున ఉన్న న్‌ఖాటా బే ఊళ్ళో, బస్టాండు పక్కన తవోంగాకు చిన్న అచ్చు దుకాణం ఉంది. పెళ్ళి కార్డులు, పరీక్ష పేపర్లు, చావు కరపత్రాలు అన్నీ అక్కడే. ఉన్నది ఒకటే కంప్యూటరు. దాన్ని బిగించి అక్కకు నేర్పినవాడు తమ్ముడు లుసుంగు. ఒకరోజు సరస్సు మీద గాలి లేచి అతని పడవ తిరగబడింది. పడవ దొరికింది కానీ మనిషి దొరకలేదు. శవాన్ని చూడందే ఏడవనని తల్లి న్యాచిర్వా పట్టుబట్టింది. దాంతో చర్చిలో అతని కోసం జరగాల్సిన ప్రార్థన కూడా ఆగిపోయింది.

కంప్యూటరు వెయ్యగానే కనబడే తమ్ముడి నవ్వుముఖం చూడలేక తవోంగా అతని అకౌంటు తీసేసింది. కొత్తగా టైపు పనికి చేరిన టెమ్వా కోసం మరొకటి తెరిచింది. టెమ్వా పేరు పైన, గుండ్రటి చట్రంలో, లుసుంగు నవ్వుతున్నాడు.

"ఎవరక్కా ఈయన? నా పేరు మీదొచ్చి కూర్చున్నాడేంటి?"

తవోంగా ఆ అకౌంటు చెరిపి ఇంకో పేరుతో తెరిచింది. మళ్ళీ అతనే.

పక్కన ఫోన్లు బాగుచేసే గోమెజ్గాను పిలిపించారు. అతను కాసేపు వెతికి పకపకా నవ్వబోయి, తవోంగా ముఖం చూసి ఆగిపోయాడు.

"దయ్యం కాదక్కా, మీవాడి కోతిపని. ఫొటో పెట్టుకోనివాళ్ళకి కంప్యూటరే ఒక బూడిదరంగు తలకాయ బొమ్మ పెడుతుంది కదా? ఆ బొమ్మ ఉండే చోట తన ఫొటో పడేశాడు. ఇక కొత్తగా ఎవరొచ్చినా వీడి ముఖమే. పాత బొమ్మ ఇక్కడే దాచాడు. మార్చెయ్యనా?"

"ఉండనీ," అంది తవోంగా.

ఈ మాట టెమ్వా నోటి నుంచి సంతకు చేరింది. మర్నాడు న్యాచిర్వా ఎండు చేపల బుట్ట అలాగే వదిలేసి వచ్చింది. తెర ముందు కూర్చుని కొడుకును చాలాసేపు చూసింది.

"కొత్త పేరు పెడితే వాడొస్తాడటగా? మ్విజా అని పెట్టు. ఆడపిల్ల పుడితే ఆ పేరే పెడతానన్నాడు."

"అమ్మా, వాడికి పెళ్ళే కాలేదు కదే."

"పెట్టవే!"

మ్విజా వచ్చింది, తండ్రి ముఖంతో. తర్వాత వేజీ, ఆ తర్వాత తోవేలా. తల్లి రోజూ వచ్చి ఒక మనవణ్ణో మనవరాలినో కనేది. తెర మీద వరసగా పేర్లు, అన్నిటికీ ఒకటే నవ్వు. టెమ్వా దుకాణంలో ఒంటరిగా కూర్చోనని చెప్పేసింది. పెళ్ళి కార్డు కోసం వచ్చిన ఒకాయన తెర చూసి, బయానా కూడా ఇవ్వకుండా వెళ్ళిపోయాడు. ఖాళీ దుకాణంలో న్యాచిర్వా ఒక్కో పేరునీ పలకరిస్తూ, ఎవరో జవాబు చెబుతున్నట్టు మధ్యమధ్య తలూపుతూ ఉండేది. అది చూశాక తవోంగా గోమెజ్గాను పిలిచి పాత బొమ్మ పెట్టించింది.

ముఖాలన్నీ ఒక్కసారే పోయాయి. కళ్ళూ నోరూ లేని బూడిద తలకాయలు మిగిలాయి.

తల్లి వచ్చింది. ఆమెకు చదువు రాదు. ఒక్కో తలకాయ మీదా వేలు పెట్టి అడిగింది. "ఇది ఎవరు? మ్విజాయేనా?"

"అది వేజీ అమ్మా."

"మరి వీళ్ళ నాన్న ఏడే?"

తవోంగా తల్లి చేయి పట్టుకుంది. "నీళ్ళలో ఉన్నాడమ్మా."

న్యాచిర్వా మొదట వినిపించుకోనట్టే కూర్చుంది. తర్వాత బట్టకొంగు నోటికి అడ్డం పెట్టుకుని ఏడ్చింది. అన్నాళ్ళ ఏడుపూ అప్పుడే వచ్చింది. బస్సుల దగ్గర మనుషులు తిరిగి చూశారు. టెమ్వా వెళ్ళి తలుపు దగ్గరగా వేసింది.

ఆ ఆదివారం చర్చిలో ప్రార్థన పెట్టించారు. కరపత్రం తవోంగాయే తయారుచేసింది. పుట్టిన తేదీ కొట్టింది. రెండో తేదీ దగ్గర వేళ్ళు కదలకపోతే టెమ్వా వచ్చి పక్కన కూర్చుని కొట్టిపెట్టింది.