గాయపడినవారి చోటు

“గ్రెచ్, అక్కడే ఉండు. కదలకు.”

ముందుగదిలోంచి భర్త కర్ట్ అన్న మాటకు గ్రెచెన్ కత్తి ఆపింది. సగం తరిగిన ఉల్లిపాయ పలక మీద ఉంది. పొయ్యి మీద పెద్ద గిన్నెలో మాంసమూ చిక్కుడుగింజలూ కలిసి చిల్లీ ఉడుకుతోంది. ఆ ఇంట్లో వంటగదికీ ముందుగదికీ మధ్య గోడ లేదు. నడుమెత్తు గట్టు ఒకటి మాత్రం ఉంది. దాని వెనక నిలబడితే టీవీ తెర సగం కనిపిస్తుంది. కదలవద్దనడానికి కారణం ఉల్లిపాయలు కావు. కిందటి ఆదివారం ఆమె సరిగ్గా అదే చోట, ఫ్రిజ్ తలుపు పట్టుకుని నిలబడి ఉండగా, కర్ట్ జట్టులోని ఆటగాడు గీత దాటాడు. అంచేత ఈ ఆదివారమూ ఆమె అక్కడే నిలబడాలి. కర్ట్ ఉతకని పాత చొక్కా వేసుకుని సోఫా కుడి చివర కూర్చోవాలి. అతని తమ్ముడు లైల్ సోఫా ఎడమ చివరే కూర్చోవాలి. ఎవరి నియమం వారిదే. కాకపోతే మిగతా ఇద్దరి నియమాల్లోనూ కూర్చోవడం ఉంది.

గ్రెచెన్ బడిలో పన్నెండేళ్ళ పిల్లలకు సైన్సు చెబుతుంది. ప్రతి సెప్టెంబరులోనూ నాణేలు ఎగరవేయించి, ఒకదాని వెంట ఒకటి జరిగినంత మాత్రాన మొదటిది రెండోదానికి కారణం కాదని నిరూపిస్తుంది. “కోడి కూసింది, తెల్లవారింది. కోడిని దాచేస్తే?” అని అడిగితే పిల్లలు నవ్వుతారు. వాళ్ళకు ఆ ముక్క అర్థమవుతుంది. ఇంటికి వచ్చాక ఆమే ఆ కోడి. ఈ సంగతి తెలిసి కూడా తాను గట్టు వెనకే ఎందుకు నిలబడుతున్నట్టు? సరదాకి అంటారు కదా, దానికి కూడా మొహం ముడుచుకుంటే ఏం బాగుంటుంది, అని ఆమె తనకు తాను చెప్పుకుంటూ వచ్చింది. సరదాలన్నీ తన కాళ్ళ మీదే నిలబడి ఉన్నాయని ఆమెకు ఈమధ్యనే స్ఫురించడం మొదలైంది.

నది ఒడ్డున ఉన్న కాగితపు మిల్లులో పనిచేసే పదిమంది మగవాళ్ళ పోటీ అది. వేసవి చివర ఒక సాయంత్రం అందరూ ఒకచోట చేరి, దేశంలోని అసలు అమెరికన్ ఫుట్‌బాల్ ఆటగాళ్ళలోంచి వంతులవారీగా తలా ఒక ఊహాజట్టును ఏరుకుంటారు. తరువాత ఆ ఆటగాళ్ళు నిజమైన మైదానాల్లో ఎన్ని గజాలు పరుగెత్తితే, ఎన్నిసార్లు గీత దాటితే, ఏరుకున్నవాడికి అన్ని పాయింట్లు. అందరూ ముందుగా కోరుకునేది రన్నింగ్ బ్యాక్‌లను. బంతిని పొట్టకు హత్తుకుని, కొండల్లాంటి మనుషుల మధ్యకు తలదూర్చి పరుగెత్తేవాళ్ళు వాళ్ళు. పాయింట్లు తెచ్చేదీ వాళ్ళే, మోకాళ్ళు పోగొట్టుకునేదీ వాళ్ళే. ఒక్క మోకాలు బెసికితే మైదానంలో ఒక జట్టూ, ఊళ్ళల్లో లక్ష ఊహాజట్లూ ఒకేసారి కూలబడతాయి.

ఈ పోటీకి అధ్యక్షుడు కర్ట్. నియమాలు రాసింది గ్రెచెన్. తగవులు తీర్చేదీ, జట్లలో మార్పులు చెప్పమని బుధవారం బుధవారం అందరికీ గుర్తుచేసేదీ, ఎంపిక సాయంత్రం పదిమందికీ వండి పెట్టేదీ ఆమే. ఒకసారి, “నాకూ ఒక జట్టు ఉంటే?” అని అడిగింది. “పది చోట్లే కదా గ్రెచ్, ఎవర్ని పొమ్మంటాం?” అన్నాడు కర్ట్, నిజంగా బాధపడుతూనే.

ఈ ఏడాది ఎంపిక సాయంత్రం ఆమె ఐసు పెట్టె మోసుకుంటూ నేలమాళిగ మెట్లు దిగుతుండగా కుడి మోకాలిలో ఏదో టప్పుమంది. అదే క్షణంలో కర్ట్ మొదటి వంతులో డారియన్ వెల్‌బర్న్ పేరు ప్రకటించాడు. పదిమందీ బల్లలు చరిచారు. టప్పుమన్న చప్పుడు ఎవరికీ వినబడలేదు. ఎముకల మధ్య మెత్తగా ఉండే పలక చిరిగిందని తరువాత డాక్టరు చెప్పింది. “కుట్టించుకుంటే బాగవుతుంది. ఆరువారాలు ఆ కాలి మీద బరువు వేయకూడదు. ఇలాగే నిలబడి పనిచేస్తూ పోతే చిరుగు పెద్దదై, కుట్టడానికి ఏమీ మిగలదు” అంది. అప్పటినుంచీ గ్రెచెన్ నిలబడి పనిచేస్తూనే ఉంది. ఆసుపత్రి వరసలో ఆమె వంతు ఫిబ్రవరికి పడింది.

అక్టోబరులో ఒక ఆదివారం, ఇక నిలబడలేక, ఆట మధ్యలో ఆమె గట్టు దాటి వచ్చి సోఫా అంచున కూర్చుంది. రెండు నిమిషాలైనా కాలేదు. తెర మీద వెల్‌బర్న్ బంతితో మలుపు తిరిగాడు. ఎవరూ అతన్ని తాకలేదు. కాలు నేలలో దిగబడినట్టయి, మోకాలు పట్టుకుని ఒరిగిపోయాడు. లైల్ మెల్లగా తల తిప్పి ఆమె వంక చూశాడు.

“నువ్వు కూర్చున్నావు” అన్నాడు. “అతను పడ్డాడు.”

అందరూ నవ్వారు. ఆమె కూడా నవ్వి, లేచి, గట్టు వెనక్కు వెళ్ళింది. ఒక మనిషి ఒక పనిలో వారం వారం ఇరవైసార్లు గుద్దులు తింటే ఎక్కడో ఒకచోట విరుగుతాడనీ, ఇందులో వింతేమీ లేదనీ ఆమె చెప్పలేదు. తన గురించి కూడా ఆ మాటే చెప్పాల్సి వచ్చేదేమో.

ఆ తరువాతి వారాల్లో ఆ ఇంట్లో వెల్‌బర్న్ మోకాలిని గురించి జరిగినంత చర్చ ఇంకే అవయవాన్ని గురించీ జరగలేదు. కర్ట్ జట్టు వరసగా ఓడింది. మైదానంలో వెల్‌బర్న్ బదులు ఆడే ఓటిస్ ప్రూట్ కోసం అందరూ ఎగబడ్డారు; చివరికి అతను కర్ట్‌కే దక్కాడు. కర్ట్ భోజనాల దగ్గర కీళ్ళ నిపుణుడిలా మాట్లాడసాగాడు. “తొందరపెట్టకూడదు. మోకాలు ఒక్కసారి తప్పుగా అతుక్కుందంటే బతుకంతా కుంటే. పాపం, అతనికి ఇద్దరు చిన్నపిల్లలు కూడా.” అతని గొంతులో ఆ జాలి నిజమైనది. దాన్ని కాదనలేకనే గ్రెచెన్ చారు వడ్డిస్తూ ఒక్క క్షణం గరిటె గాల్లోనే ఉంచేసేది.

మొన్న శుక్రవారం ఆసుపత్రి నుంచి ఫోను వచ్చింది. ఎవరో వాయిదా వేసుకున్నారట. వచ్చే మంగళవారం చోటు ఖాళీ ఉంది, కావాలంటే సోమవారం ఉదయం లోపల చెప్పాలి. లేదంటే ఫిబ్రవరే. బడి ప్రధానోపాధ్యాయుడు నిట్టూర్చాడు. “నీ బదులు సైన్సుకి ఇప్పటికిప్పుడు ఎవర్ని తెచ్చేది? క్రిస్మస్ సెలవులదాకా లాగించలేవా?” కర్ట్ కాలెండరు చూశాడు. “వచ్చే మంగళవారమా? ఆపై వారం థాంక్స్‌గివింగ్ పండగ. ఇంటినిండా జనం. ఆ తరువాత ప్లేఆఫ్‌లు. ఫిబ్రవరికైతే సీజన్ అయిపోతుంది కదా గ్రెచ్, నిమ్మళంగా చేయించుకోవచ్చు.” అందులో చెడ్డ ఉద్దేశం వెతికినా దొరకదు. దొరికితే ఎంత తేలికయ్యేది! చెడ్డవాడితో పోట్లాడవచ్చు. చల్లగా కాలెండరు చూసేవాడితో ఏం పోట్లాట?

ఇప్పుడు ఆదివారం. ఫోను చొక్కా జేబులో ఉంది. పక్కనే అత్తగారు ఆర్డిస్ నిలబడి జున్ను తురుముతోంది. డెబ్బై దాటిన ఆమెకు తుంటినొప్పి ఉంది. బరువును ఒక కాలి నుంచి ఇంకో కాలికి మార్చుకుంటూ ఉంటుంది. కూర్చోమనడం ఆర్డిస్‌కు తెలియదు. ఆమెను ఎవరూ ఎప్పుడూ కూర్చోమనలేదు.

“కాలు ఎలా ఉందమ్మాయ్?” అంది తురుముతూనే.

“అలాగే ఉంది ఆర్డిస్. మీ తుంటి?”

“అదీ అలాగే ఉంది.” జున్నుగడ్డను తిప్పి పట్టుకుని, “ఎన్ని ఆటలు జరిగాయో ఈ ఇంట్లో. తెర కుడిపక్క ఏం జరుగుతుందో నేను ఇంతవరకూ చూడలేదు” అంది. ఫిర్యాదులా అనలేదు. వాతావరణం చెప్పినట్టు చెప్పింది.

ముందుగదిలో విరామం వచ్చింది. అన్నదమ్ములిద్దరూ తగవు మొదలెట్టారు.

“ఆ వెల్‌బర్న్‌ని వదిలెయ్ కర్ట్. కుంటిగుర్రానికి గడ్డి దేనికి? వాణ్ణి ఉంచుకుని, ప్రూట్‌నీ ఉంచుకుంటే ఎలా? నీ జట్టులో మాకన్నా ఒకడు ఎక్కువ అవుతున్నాడు.”

“కుంటిగుర్రం ఏంట్రా? మనిషి. దెబ్బ తగిలింది, అంతే. బాగయ్యి వస్తాడు. వచ్చేదాకా వాడి చోటు వాడిది.”

“అలాగని ఎక్కడ రాసుంది?”

“రూల్సులో ఉంది. గ్రెచ్! ఆ గాయాల రూలు ఏంటో వీడికి చెప్పు.”

ఆరేళ్ళ కిందట ఇలాంటి తగవు తీర్చడానికే ఆమె ఆ నియమం రాసింది. కాగితం అక్కరలేదు, నోటికి వచ్చు. చేతులు తుండుగుడ్డకు తుడుచుకుంటూ, పాఠం అప్పగించినట్టు మొదలుపెట్టింది.

“గాయపడినవారిని జట్టు నుంచి తీసెయ్యక్కర్లేదు. ఆడించనూ కూడదు. వాళ్ళ కోసం వేరే చోటు ఉంటుంది. కోలుకునేదాకా వాళ్ళని అక్కడ ఉంచి, వాళ్ళ బదులు…”

మధ్యలో ఆగింది. ఆరేళ్ళుగా ఈ నియమాన్ని పదిమందికి వినిపించింది. తనకు తాను వినడం ఇదే మొదలు. ఎంత మర్యాద ఉంది ఇందులో! ఎంత వివేకం! దీన్ని రాసిన మనిషి ఎవరోగాని తెలివైనదే అనిపించింది, ఎవరినో మెచ్చుకున్నట్టు.

“బదులు?” అన్నాడు లైల్.

“వాళ్ళ బదులు ఇంకొకరు ఆడాలి” అంది గ్రెచెన్.

“విన్నావా?” అన్నాడు కర్ట్ తమ్ముడితో, గెలిచినట్టు.

విరామం అయిపోయింది. ప్రూట్ జట్టు చేతికి బంతి వచ్చింది. గ్రెచెన్ పొయ్యి మంట తగ్గించింది. తుండుగుడ్డను మడిచి గట్టు మీద పెట్టింది. గట్టు చుట్టూ తిరిగి, ముందుగదిలోకి వచ్చి, మామగారు పోయినప్పటినుంచీ ఎవరూ కూర్చోని పెద్ద వాలుకుర్చీలో కూర్చుంది. పక్కనున్న పీట లాక్కుని కుడికాలు దానిమీద చాపింది.

“గ్రెచ్” అన్నాడు కర్ట్ తెర మీంచి కళ్ళు తీయకుండా. “ఆట నడుస్తోంది.”

“నడవనీ.”

“ఈ ఒక్కసారి అయ్యాక కూర్చో. ప్లీజ్. కిందటిసారి ఏమయిందో…”

తెర మీద ప్రూట్ బంతి అందుకున్నాడు. ఎడమకు వెళ్ళినట్టే వెళ్ళి కుడికి విరుచుకుని, ఇద్దరి చేతుల కిందుగా దూరి, ఒక్కణ్ణి భుజంతో నెట్టి గీత దాటాడు. ఆ పాయింట్లు అన్నవే అయినా లైల్ రెండు చేతులూ గాలిలోకి విసిరాడు.

“అరే! గ్రెచ్, ఇంక లేవకు. సీజనంతా అక్కడే కూర్చో తల్లీ. నీ కుర్చీలో ఏదో ఉంది!”

“కుర్చీలో ఏమీ లేదు లైల్” అంది ఆమె. ఆమె గొంతు బడిలో వాడే గొంతు, నెమ్మదైనది. “అతను పరుగెత్తాడు కాబట్టి గీత దాటాడు. వెల్‌బర్న్ మోకాలు అరిగిపోయింది కాబట్టి తెగింది. నేను కూర్చున్నది నా మోకాలు చిరిగింది కాబట్టి. ఈ మూడింటికీ సంబంధం లేదు. మంగళవారం ఆపరేషన్. రేపు పొద్దున్న వాళ్ళకి వస్తున్నానని చెబుతాను.”

కర్ట్ తెర మీంచి కళ్ళు తీశాడు. “థాంక్స్‌గివింగ్…”

“నా బదులు ఎవరు ఆడతారో మీరు చూసుకోండి. రూలు ఇందాకే చెప్పాను.”

టీవీలో ఎవరో గట్టిగా వ్యాఖ్యానిస్తున్నారు. కర్ట్ ఆమె మొహాన్ని కాదు, పీట మీద చాపిన కాలిని చూశాడు. ప్యాంటు కింద మోకాలు ఒక పక్కకు ఉబ్బి ఉండటం ఆగస్టు నుంచీ కనిపిస్తున్నదే. చూడటం ఇప్పుడే మొదలైంది. మోకాలు తప్పుగా అతుక్కుంటే ఏమవుతుందో ఆ ఇంట్లో అందరికన్నా అతనికే బాగా తెలుసు. ఎన్ని భోజనాల దగ్గర చెప్పాడో. చెవుల కొసలు ఎర్రబడ్డాయి.

వంటగదిలోంచి మాడువాసన వచ్చింది.

“చిల్లీ” అన్నాడు లైల్.

ఎవరూ కదలలేదు. గ్రెచెన్ కూడా. కదలకుండా ఉండటానికి ఆమె కుర్చీచేతిని గట్టిగా పట్టుకోవలసి వచ్చింది. ఆమె కాళ్ళు ఆమెను అడక్కుండానే లేవడానికి అలవాటుపడ్డాయి. అప్పుడు కర్ట్, ఆట మధ్యలో, బంతి మళ్ళీ ప్రూట్ జట్టు చేతికి వచ్చిన వేళ, తన అదృష్టపు చోటులోంచి లేచాడు. గట్టు వెనక్కు వెళ్ళాడు. గిన్నెలోకి తొంగి చూశాడు.

“అడుగు నుంచి కలపాలా, పైపైన కలపాలా?”

“అడుగు నుంచి” అంది గ్రెచెన్. “గీకకుండా.”

ఆర్డిస్ తురుముపీటను కొడుకు చేతికిచ్చింది. ఏప్రాను విప్పింది. మెల్లగా, ఒక్కో అడుగూ చూసుకుంటూ గట్టు ఇవతలకు వచ్చి, కర్ట్ ఖాళీ చేసిన చోటులో కూర్చుని, తెర కుడిపక్కను చాలాసేపు పరీక్షగా చూసింది.

“ఓహో” అంది. “ఇటు ఇంత ఉందన్నమాట.”

అంతలో ప్రూట్ మళ్ళీ బంతి అందుకుని ఇరవై గజాలు లాక్కుపోయాడు. లైల్ ఊపిరి బిగబట్టాడు. ఏం జరిగిందో కనబడక కర్ట్ గరిటెతో సహా గట్టు దాటి రాబోయాడు.

ఆర్డిస్ తల తిప్పకుండానే చెయ్యి ఎత్తింది.

“కర్ట్, అక్కడే ఉండు. కదలకు.”

గ్రెచెన్‌కు నవ్వు పొంగుకొచ్చింది. మోకాలు కదిలి కలుక్కుమన్నా ఆపుకోలేదు. అది శాస్త్రం కాదు, కాకతాళీయం మాత్రమే అని అత్తగారికి వివరించవలసిన బాధ్యత తనకు ఉంది. తొందరేముంది, ఆరువారాలు కూర్చునే ఉంటుంది కదా, నాణేలు ఎగరవేయిస్తూ చెప్పవచ్చు అనుకుంది.